మా ఆయన పేరూ, వానా

మా ఆయన పేరు స్విథిన్. ఆ పేరు విన్నవాళ్లెవరైనా ముందు ఆకాశం కేసి చూస్తారు, తర్వాత మా ఆయన కేసి చూస్తారు, ఆపైన నవ్వుతారు. పెళ్లయిన ముప్పై ఏళ్లకు పైగా ఇదే వరస చూస్తున్నాను. ఒక్కరైనా వరస తప్పితే ఒట్టు.

జూలై పదిహేను సెయింట్ స్విథిన్ రోజు. ఆ రోజు వాన పడిందా, ఇక నలభై రోజులు ఏకధాటిగా పడుతూనే ఉంటుందని మావాళ్ల నమ్మకం. వెయ్యేళ్ల కిందట ఆ పేరుగల బిషప్పు ఒకాయన ఉండేవాడట. తనని చర్చి లోపల కాకుండా బయట, నలుగురూ నడిచేచోట, వాన చినుకులు పడేచోట పాతిపెట్టమని కోరాడట. కొన్నాళ్లు బాగానే ఉంచి, ఆ తర్వాత వచ్చినవాళ్లు గౌరవం చేస్తున్నామనుకుని ఆయన ఎముకల్ని లోపలికి మార్చారట. దాంతో ఆకాశానికి కోపం వచ్చిందట. చచ్చిపోయినాయన నోరు తెరిచి అడిగి పెట్టుకున్నది కూడా వినలేదు చూడండి, అదీ మా జనం.

మా ఆయన సరిగ్గా ఆ రోజే పుట్టాడు. పేరూ అదే పెట్టారు. ఇక అప్పటి నుంచి ఈ హెరెఫర్డ్‌షైర్‌లో ఏ చినుకు పడినా పూచీ ఆయనదే.

డాక్టరుగారి వరండాలో నర్సు ‘స్విథిన్ ప్రాసర్’ అని పిలిస్తే, దగ్గుతున్న ముసలివాళ్లు కూడా దగ్గు ఆపుకుని కిటికీలోంచి బయటికి చూస్తారు. మా ఎల్మ్‌హోప్ ఊరి వేసవి సంబరాల కమిటీ వాళ్లు ఏటా వచ్చి, టోపీలు చేత్తో పట్టుకుని, ఎంతో మర్యాదగా అడుగుతారు: “ఆ శనివారం లడ్లోలో మీ చెల్లెలిగారింట్లో ఏమైనా పనుందా, స్విథిన్?” ఈయన ఉందంటాడు. ఏ పనీ ఉండదు. వాళ్ల మాట తీసెయ్యలేక బస్సెక్కి పోయి, చెల్లెలి ఇంట్లో గోడ గడియారం చూస్తూ కూర్చుని వస్తాడు. ఇక్కడ నేనొక్కదాన్నే బల్ల ముందు నిలబడి కేకులు అమ్ముతుంటాను. వాన మాత్రం ఠంచనుగా వస్తుంది.

వీళ్లందరి కంటే ఘనుడు బేసిల్ గాడ్సల్. మా యాపిల్ తోటకీ ఆయన తోటకీ నడుమ ఒక పొదల కంచె. ఏటా జూలై పదిహేనున ఆ కంచె మీంచి తల పెట్టి, “ఏం స్విథిన్, కొళాయి కట్టేశావా, తిప్పి వదిలేశావా?” అంటాడు. అని, అప్పుడే పుట్టిన కొత్త జోకు విన్నట్టు తనే పడీపడీ నవ్వుతాడు. ఈయన కూడా నవ్వి, “ఇంకా చూడలేదు, బేసిల్” అంటాడు. నేనూ నవ్వుతాను. నవ్వకపోతే బాగుండదు కదా. లోపల మాత్రం ఒళ్లు మండిపోతుంది.

అందుకే మాకు అబ్బాయి పుట్టినప్పుడు, ఎవరూ నోరు విప్పకముందే ‘రోలండ్’ అని చెప్పేశాను. “నీ ఇష్టం, హెస్టర్” అన్నాడు ఈయన. వాడి పేరు చెబితే ఎవరూ ఆకాశం కేసి చూడరు. నేను జీవితంలో చేసిన తెలివైన పని అదొక్కటే అనుకుంటూ వచ్చాను.

ఆ రోలండ్‌కి ఈ జూన్ మొదట్లో కొడుకు పుట్టాడు. పుట్టాల్సిన దానికన్నా రెండు నెలలు ముందే వచ్చేశాడు. రెండు అరచేతుల్లో పట్టేంత పిల్లాడు. గాజుపెట్టెలో పెట్టారు, ఒంటినిండా గొట్టాలు. పెట్టె మీద ‘బేబీ ప్రాసర్’ అని రాసి ఉండేది. పేరేం పెడదామన్న మాట ఎవరూ ఎత్తలేదు. పేరు పెట్టాక ఏమైనా అయితే, అని అందరికీ భయం. ఆ భయం కూడా ఎవరూ పైకి చెప్పలేదు. వాతావరణం గురించీ, ఆస్పత్రి టీ గురించీ మాట్లాడుకుని ఇంటికొచ్చేవాళ్లం.

దేవుడి దయవల్ల వాడు నిలదొక్కుకున్నాడు. జూలై రెండో వారంలో ఇంటికి పంపారు. ఇక్కడ బిడ్డ పుట్టిన ఆరు వారాల్లోగా సర్కారు ఆఫీసులో పేరు రాయించాలి, ఆ గడువు సోమవారంతో సరి. శనివారం మా కోడలు టామ్సిన్ ఫోన్ చేసింది.

“హెస్టర్, పేరు అనుకున్నాం.” ఈ కాలం కోడళ్లు అత్తల్ని పేరు పెట్టే పిలుస్తారు. “స్విథిన్ అని పెడుతున్నాం.”

“ఎంత బాగుంది!” అన్నాను.

అన్నది నేనే. నా నోరే. మాడిన కేకు పెట్టినా, పిచ్చి టోపీ పెట్టుకొచ్చి చూపించినా, నచ్చని పేరు చెప్పినా, మాకు పుట్టుకతో నేర్పిన మాట అదొక్కటే. ఫోన్ పెట్టేశాక తల పట్టుకుని మెట్ల మీద కూలబడ్డాను. అంత చిన్న ప్రాణం, ఇప్పుడిప్పుడే ఊపిరి సరిగ్గా పీల్చుకుంటున్నాడు. వాడి నెత్తిన బతుకంతా వాన జోకులా? బళ్లో ఆటల పోటీలు ఆగిపోతే తిట్లు వాడికే. పెళ్లిలో గొడుగులు తెరిస్తే చూపులు వాడి మీదే. ఇదంతా ముప్పై ఏళ్లు పక్కన నిలబడి భరించింది నేను. ఇంకో ప్రాణి భరించడం చూడలేను. ఎలాగైనా ఈ పేరు తప్పించాలి, ఉన్నది ఇక ఆదివారం ఒక్కటే.

ఆ ఆదివారమే ఈయన పుట్టినరోజు. ఏటా తోటలో చెట్ల కిందే టీ. మా తోటలో ఆ రోజు దాకా ఎవరూ యాపిల్ కొరకరు. స్విథిన్ రోజున నాలుగు చినుకులు పడితే కాయలకి బాప్తిస్మం అయినట్టు, అప్పటి నుంచి తినొచ్చు. అందుకని అందరూ కప్పులు పట్టుకుని పైకి చూస్తూ కూర్చుంటారు. బల్ల మీద స్కోన్లనే చిన్న రొట్టెలు, జామ్, దోసకాయ శాండ్‌విచ్‌లు, మా అత్తగారు ఎనిడ్ తెచ్చిన కేకు. ఆవిడకి తొంభై దగ్గర పడుతున్నాయి, కేకు మాత్రం ఇప్పటికీ తనే చేస్తుంది. మబ్బు పట్టి ఉంది గానీ చినుకు లేదు. పిల్లాడు టామ్సిన్ ఒళ్లో గుడ్డల మూటలో నిద్రపోతున్నాడు.

“పేరు విన్నాను. చాలా నిండైన పేరు,” అంది అత్తగారు, కేకు కోస్తూ.

“మామూలు పేరు కాదులే, నాయనమ్మా,” అన్నాడు రోలండ్. “క్లాసులో ఇంకొకడు ఉండడు.”

“చరిత్ర ఉన్న పేరు,” అంది టామ్సిన్.

“చరిత్ర ఉంది,” అన్నాన్నేను. దానికేం, బోలెడుంది.

మా ఆయన మాత్రం స్కోన్‌కి వెన్న రాస్తూనే ఉన్నాడు. రాసిందాని మీదే మళ్లీ రాస్తున్నాడు.

“రేపు పొద్దున్నే రోలండ్ వెళ్లి రాయించేస్తాడు,” అంది టామ్సిన్.

సరిగ్గా అప్పుడే కంచె మీద బేసిల్ తల లేచింది. “ఏం స్విథిన్, కొళాయి కట్టేశావా, తిప్పి వదిలేశావా?”

అందరూ నవ్వారు. ఈయనా నవ్వాడు. నాకు మాత్రం ఆ మూటలోని పిల్లాడు ముసలివాడయ్యేదాకా ప్రతి జూలైలో ఇలాగే నవ్వాల్సి రావడం కళ్లకు కట్టింది. బేసిల్ తల దిగిపోయేదాకా ఓపిక పట్టి, కప్పు ఠక్కున బల్ల మీద పెట్టాను.

“నాకు ఆ పేరంటే అసహ్యం,” అన్నాను. “పెళ్లైన రోజు నుంచీ అసహ్యం. వాడికి ఆ పేరు పెట్టొద్దు.”

ఒక కందిరీగ జామ్ సీసా చుట్టూ తిరిగింది. “ఇంకొంచెం టీ ఎవరికైనా?” అంది మా అత్తగారు. మావాళ్లకి ఇల్లు అంటుకున్నా ముందు ఆ మాటే వస్తుంది.

టామ్సిన్ ఏడవడం మొదలుపెట్టింది. పచ్చి బాలింతని ఏడిపించానని నన్ను నేను తిట్టుకునేలోపు, ఆ పిల్ల ముక్కు చీదుకుని, “అమ్మయ్య,” అంది. “నాకూ నచ్చలేదు, హెస్టర్. అస్సలు నచ్చలేదు.”

“మరి ఎందుకు పెడతానన్నావమ్మా?”

“ఆయన కోసం.” మా ఆయన్ని చూపించింది. “నేను నిద్రపోతున్నప్పుడు రోజూ మధ్యాహ్నం వచ్చి పెట్టె పక్కన కూర్చునేవారట. ఆ పేరుతోనే పిలుస్తున్నారని నర్సు చెప్పింది. ఆయనకి అంత కోరికగా ఉంటే కాదంటామా?”

“నేను టామ్సిన్‌కి నచ్చిందనుకున్నాను,” అన్నాడు రోలండ్. “నాకైతే ఎడ్గార్ అని ఉంది.”

“ఇప్పుడా చెప్పేది?” అన్నాను.

“నువ్వే కదమ్మా ‘ఎంత బాగుంది’ అన్నావు!”

మా అత్తగారు కేకు కత్తి కింద పెట్టింది. “నాకూ ఎప్పుడూ నచ్చలేదు,” అంది.

ఈసారి అందరం ఆవిడ కేసి తిరిగాం. “అత్తయ్యా, పెట్టింది మీరే కదా?”

“నేనెక్కడ పెట్టాను? నా మనసులో జెఫ్రీ ఉంది. వీడు పుట్టిన వారానికి పాస్టరుగారు టీకి వచ్చి, ‘ఈ రోజున పుట్టాడు కాబట్టి స్విథిన్ అంటారేమో’ అని నవ్వారు. సరదాకే అన్నారు. పాస్టరుగారి మాటకి ఏమనగలను? ‘ఎంత బాగుంది’ అన్నాను. పాపం పాస్టరుగారికి కూడా ఆ పేరు నచ్చలేదని తర్వాత తెలిసింది. నేను ముచ్చట పడ్డాననుకుని ఆయనా కాదనలేకపోయారు. బాప్తిస్మం నాడు నీళ్లు పోస్తూ ఆ పేరే అనేశారు.”

నాకు నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఒక మనిషి బతుకంతా మోసిన పేరు ఇద్దరి మొహమాటానికి పుట్టింది! ముప్పై ఏళ్లు నేను పళ్లు బిగబట్టింది దీనికా? మూడు తరాల వాళ్లం ఒకే బల్ల చుట్టూ కూర్చుని, ఎవరికీ అక్కర్లేని పేరుని ఒకరికొకరం మర్యాదగా వడ్డించుకుంటున్నాం. ఇంకొక్క రోజు ఆగితే అది పసివాడికి అంటుకుపోయేది.

ఇక అందరం మా ఆయన కేసి చూశాం.

“హెస్టర్ చెప్పింది నిజమే,” అన్నాడు ఆయన, తేలిగ్గా. “అంత గొప్ప పేరేం కాదు. ఎడ్గార్ బాగుంటుంది. ఏం ఫర్వాలేదు.” లేచి నిలబడ్డాడు. “నిచ్చెన తడుస్తుందేమో, లోపల పెట్టొస్తా.”

టామ్సిన్ ముఖం తేటపడింది. రోలండ్ ఇంకో కేకు ముక్క తీసుకున్నాడు. గెలిచింది నేను, అయినా నాకు ఏమీ మింగుడు పడలేదు. ఆయన ‘ఏం ఫర్వాలేదు’లు ఎన్ని రకాలో నాకు తెలుసు. ఇది కిందటేడు మా ముసలి కుక్క పోయినప్పుడు అన్నది. లేచి వెనకే వెళ్లాను.

తోట చివర పాత చెట్టు కింద నిలబడి ఉన్నాడు.

“ఏం చేస్తున్నావిక్కడ?”

“నిచ్చెన.”

“నిచ్చెన అదిగో, ఆ చెట్టుకుంది. నువ్వు ఈ చెట్టు కింద ఉన్నావు.”

“అవును కదా,” అన్నాడు.

“స్విథిన్, తిన్నగా చెప్పు. వాడికి నీ పేరు పెట్టాలని ఉందా, లేదా?”

“అబ్బే, అదేం లేదు. పాపం వాడికెందుకు ఈ వాన గోల?”

“మరి ఆస్పత్రిలో రోజూ ఆ పేరుతో ఎందుకు పిలిచావు?”

చెట్టు బెరడు మీద గోరుతో గీస్తూ నిలబడ్డాడు. ఈ మనిషి నోట్లోంచి మాట రాబట్టాలంటే నా తల ప్రాణం తోకకొస్తుంది. కదలకుండా నిలబడ్డాను.

“వాడు మరీ చిన్నగా ఉన్నాడు, హెస్టర్,” అన్నాడు చివరికి. “ఒంటి మీద చొక్కా కూడా లేదు. అన్నీ గొట్టాలే. తాతనై ఉండి ఏమిస్తాను? గాజుపెట్టెకి ఓ కంత ఉంటుంది చూడు, అందులోంచి వేలు పెట్టేవాణ్ని. నా దగ్గర ఉన్నది పేరొక్కటే కదా. కొన్నాళ్లు వాడుకోరా అని ఇచ్చాను.”

“వానని వాడుకోమన్నావా?”

“వాన కాదు. ఆ పేరుకి అర్థం అది కాదు.”

“మరేంటి?”

చెవులు ఎర్రబడ్డాయి ఆయనకి. అటూ ఇటూ చూసి, ఎవరైనా వింటారేమోనని గొంతు తగ్గించాడు.

“బలమైనవాడు అని.”

“ఎవరు చెప్పారు?” అన్నాను.

“చిన్నప్పుడు నాకు ఊపిరితిత్తుల జబ్బు ఉండేది,” అన్నాడు. “ఓసారి బళ్లో ఆటల రోజున వాన పడింది. నావల్లేనని పిల్లలు నన్ను గుంటలో తోశారు. మా టీచరు మిస్ టర్విల్ తుడిచి, కూర్చోబెట్టి చెప్పింది. మన పూర్వీకుల భాషలో ఆ మాటకి బలం అని అర్థమట. బిషప్పుగారి కంటే ముందు నుంచీ ఉన్న మాట. వాన సంగతి ఎవరో వెనకాల తగిలించారుట. ఆ తర్వాత జబ్బు చేసినప్పుడల్లా మంచం మీద పడుకుని నా పేరు నేనే పిలుచుకునేవాణ్ని. పనిచేసిందనే అనుకుంటా.”

“ముప్పై ఏళ్లు!” అన్నాను. గొంతు ఎంత లేచిందో నాకే తెలీదు. “ముప్పై ఏళ్లు ఊరంతా నీ నెత్తిన వాన కుమ్మరిస్తుంటే, ఈ ఒక్క ముక్క నాకు చెప్పడానికి నీకు నోరు రాలేదా?”

“నువ్వు అడగలేదుగా.”

“అడగలేదా!”

“ఎవరూ అడగలేదు. నా అంతట నేనే ‘నా పేరుకి బలమైనవాడని అర్థం’ అని చెప్పుకుంటే ఏం బాగుంటుంది? డప్పు కొట్టుకున్నట్టుంటుంది.”

పక్కనే ఉన్న నిచ్చెనతో ఒక్కటివ్వాలనిపించింది ఈ మనిషికి. ఏడుపు కూడా వచ్చింది.

“ఇప్పుడు వాడు ఇంటికొచ్చేశాడుగా,” అన్నాడు. “ఇక వాడికి అవసరం లేదు. ఎడ్గారే పెట్టండి.”

“ఇచ్చింది వెనక్కి తీసుకుంటావా, సిగ్గులేదూ?” అన్నాను. చేయి పట్టుకుని లాక్కొచ్చాను. దారిలో మొదటి చినుకులు పడ్డాయి, ఆకుల మీద చిటపటమని. కాయలకి బాప్తిస్మం అయింది.

మేం వచ్చేసరికి వాళ్లు సామాను వంటింట్లోకి చేరేశారు. మా అత్తగారు కేకు మీద తువ్వాలు కప్పుతోంది. “చెప్పు,” అన్నాను ఈయనతో. ఈయన ఒళ్లు తుడుచుకుంటూ, “ఏం లేదు, ఏం లేదు” అన్నాడు. ఇక లాభం లేదని నేనే చెప్పేశాను, గాజుపెట్టె సంగతీ, గుంట సంగతీ, అర్థం సంగతీ, ఒక్కటీ దాచకుండా. ఈయన ఇబ్బందితో చచ్చిపోయేలా కిటికీ దగ్గర నిలబడ్డాడు.

టామ్సిన్ చాలాసేపు పిల్లాడి ముఖంలోకి చూసింది.

“రోజూ పిలిచారా?” అంది.

“వీలైనప్పుడల్లా,” అన్నాడు ఈయన.

“రోజూ వెళ్లాడు,” అన్నాను నేను.

“మేమెవరమూ వాణ్ని ఏ పేరుతోనూ పిలవలేదు,” అంది టామ్సిన్, రోలండ్ కేసి తిరిగి. “మనకి భయం. వీడు బతికి బయటపడేదాకా విన్న పేరు ఇదొక్కటే. వీడికి తెలిసిన పేరు ఇదే కదా. ఇప్పుడు మారిస్తే ఎలా?”

రోలండ్ కళ్లు తుడుచుకున్నాడు. “ఎడ్గార్‌ని రెండో పేరుగా పెడదాంలే.”

“ఎంత బాగుంది,” అంది మా అత్తగారు. అందరం ఉలిక్కిపడి చూస్తే, చేయి ఊపింది. “ఈసారి నిజంగానే అన్నాను. అలా చూడకండి.”

అలా నేను నెగ్గిన పందెం నా చేతులతోనే ఓడగొట్టుకున్నాను. ఇక మా కుటుంబంలో ఇద్దరు స్విథిన్‌లు. ‘స్విథిన్’ అని కేకేస్తే ఇద్దరూ పలకరు, అదీ నా రాత.

బయట ఆరేసిన దుప్పటి గుర్తొచ్చి పరిగెత్తాను. వాన అందుకుంది. కంచె మీద బేసిల్ తల, టోపీ అంచు నుంచి నీళ్లు కారుతూ. రోలండ్ వంటింటి కిటికీలోంచి పేరు కేకేసి చెప్పినట్టున్నాడు.

“ఇంకో స్విథినా!” అన్నాడు బేసిల్, ఆనందం పట్టలేక. “అయితే ఇక ఊళ్లో రెండు కొళాయిలన్నమాట!”

నేను నవ్వలేదు. తడి దుప్పటి భుజాన వేసుకుని కంచె దగ్గరికి వెళ్లాను.

“బేసిల్, ఆ పేరుకి అర్థమేంటో తెలుసా నీకు?”

“వాన కాదూ?”

“కాదు. బలమైనవాడు అని.”

బేసిల్ వానలోనే టోపీ తీసేశాడు. మా వంటింట్లో మూటలోంచి ఏడుపు మొదలైంది, ఇద్దరికీ వినపడింది.

“మరి ఇన్నేళ్లూ మాకెవరికీ చెప్పలేదేం?” అన్నాడు.

“నువ్వు అడిగావా?” అన్నాను.